మరచితిరా అని అడిగే పాట

మహాపురుషునికి స్మారకం కట్టడం వేరు, అతనిని స్మరించడం వేరు. ఈ భేదాన్ని పాటలో వినిపించిన గాయకుడు కరీబియన్ సముద్రంలోని జమైకా ద్వీపంలో ఒకరున్నారు. ఆయన అసలు పేరు విన్‌స్టన్ రాడ్నీ. 'బర్నింగ్ స్పియర్', అనగా మండే శూలం, అన్న పేరుతో ప్రసిద్ధులు. 1975లో వెలువడిన ఆయన రెగ్గే గీతసంపుటి పేరు 'మార్కస్ గార్వీ'.

ఎవరీ గార్వీ? 1887లో జమైకాలోని సెయింట్ ఆన్స్ బే పట్టణంలో జన్మించిన నల్లజాతి నాయకుడు. 1914లో తన జాతి అభ్యున్నతికై ఒక సంఘాన్ని స్థాపించి, తరువాత అమెరికా చేరి పత్రిక నడిపారు. 1919లో నల్లవారి సొంత ఓడల కంపెనీని నెలకొల్పారు. ఆఫ్రికా సంతతివారు తమ చరిత్రను తామెరిగి తలయెత్తుకొని నిలవాలన్నదే ఆయన బోధ. తపాలా ద్వారా మోసం చేశారన్న అభియోగంపై 1923లో శిక్ష పడినది. 1927లో అమెరికా నుండి బహిష్కృతులై, 1940లో లండనులో కన్నుమూశారు. 1962లో స్వతంత్రమైన జమైకా, 1964లో ఆయన భౌతికావశేషాలను స్వదేశానికి తెప్పించి, జాతీయ వీరునిగా గౌరవించినది. అమెరికా క్షమాభిక్ష మాత్రం 2025 జనవరి వరకు రాలేదు.

రాడ్నీ జన్మస్థలం కూడ సెయింట్ ఆన్స్ బే పట్టణమే. సమాధి వెలసిన పదకొండేండ్లకే, గార్వీని జనులు మరచిపోయారని ఆయన పాటలో వాపోయారు. రాయి నిలిచినది గాని మాట నిలువలేదన్నదే ఆ వేదన.

ఈ సంపుటిలో 'స్లేవరీ డేస్' అన్న గీతం మరింత లోతైనది. బానిసత్వపు దినాలు జ్ఞాపకమున్నవా అని గాయకుడు శ్రోతలను పదేపదే ప్రశ్నిస్తారు. రూపర్ట్ విల్లింగ్టన్, డెల్‌రాయ్ హైన్స్ గొంతు కలుపుతారు. గిటారు తాళపు దెబ్బల నడుమ పలుకుతూ ఉంటే, మంద్రస్వరంలోని బేస్ వాద్యం పాటను నెమ్మదిగా మోసుకుపోతుంది. ఆ నడకలో ఆవేశం కన్న ఓర్పు ఎక్కువ. అందుచేతనే ప్రశ్న మనసులో నాటుకుంటుంది.

జమైకాలో బానిసలకు సంపూర్ణ విముక్తి లభించినది 1838లో. 1975లో ఆ పాట విన్నవారిలో ఒక్కరైనా సంకెళ్ళు తొడిగినవారు కారు. చూడని దానిని జ్ఞాపకముంచుకొనడం ఎట్లు? తాతమ్మ చెప్పాలి, గురువు చెప్పాలి, గాయకుడు పాడాలి. ఒకరు చెప్పగా మరియొకరు విన్నప్పుడే గతం జ్ఞాపకంగా మారుతుంది.

మన పాఠశాలల్లో విద్యార్థులు మహనీయుల పుట్టిన సంవత్సరాలను పరీక్షకై వల్లించి, పరీక్ష కాగానే మరచిపోవడం మనమెరుగనిది కాదు. సంవత్సరాన్ని నేర్పడం సులభం. ఆనాటి బాధను తమదిగా తలపింపజేయడం కష్టం. ఆ కష్టమైన పనిని ఒక పాట చేసి చూపినది. చరిత్ర పాఠం ముగించే ముందు ఉపాధ్యాయుడు అడుగదగిన ప్రశ్న కూడ అదే: జ్ఞాపకమున్నదా?