తెరపైనా సానియా.. సానియాగానే!

చాంగీ బిజినెస్ పార్కులో మధ్యాహ్నం భోజనాల వేళ తెలుగు వినిపించని రోజు ఉండదు. ఆ కబుర్లలో ఈమధ్య సానియా మీర్జా పేరొచ్చింది. మా ఆఫీసులో కొత్తగా చేరిన పిల్లలకు ఆమె ఆట కన్నా, 2024లో మేరీ కోమ్, సైనా నెహ్వాల్‌లతో కలిసి వచ్చిన కపిల్ శర్మ షో క్లిప్పులే ఎక్కువ తెలుసు.

నాకైతే సానియా అంటే 2014 అక్టోబరే. మనకు అరగంట దూరంలోని సింగపూర్ ఇండోర్ స్టేడియంలో కారా బ్లాక్‌తో కలిసి 6-1, 6-0తో డబ్ల్యూటీఏ ఫైనల్స్ డబుల్స్ గెలిచింది. మరుసటి ఏడాది మార్టినా హింగిస్‌తో మళ్లీ ఇక్కడే!

టెన్నిస్ నుంచి తెర మీదికి వెళ్లినవాళ్లలో మనకు మొదట గుర్తొచ్చేది చెన్నై విజయ్ అమృతరాజ్. 1983లో జేమ్స్ బాండ్ సినిమా 'ఆక్టోపస్సీ'లో గూఢచారిగా వేసి, టెన్నిస్ రాకెట్‌తోనే రౌడీలను బాదాడు. ఆ తర్వాత 'స్టార్ ట్రెక్'లో అంతరిక్ష నౌకకు కెప్టెన్ కూడా అయ్యాడు. మన హైదరాబాదీ దారి వేరు. 2020లో క్షయపై అవగాహన కోసం తీసిన 'ఎంటీవీ నిషేధ్ అలోన్ టుగెదర్' సిరీస్‌లోనూ సానియాగానే కనిపించింది. 'కాఫీ విత్ కరణ్' సంగతి సరే, అవి సరదా కబుర్లు.

నన్నడిగితే ఆమె తెర మీద కనిపించినవాటిలో పిల్లలకు చూపించాల్సింది ఒక ఇంటర్వ్యూ. 2016లో, ఆత్మకథ విడుదలైన సమయంలో, రాజ్‌దీప్ సర్దేశాయ్ ఆమెను ఎప్పుడు స్థిరపడతారని, పిల్లల సంగతేమిటని అడిగారు. అప్పటికి ఆమె డబుల్స్‌లో ప్రపంచ నంబర్ వన్! గొంతు పెంచకుండానే నిలదీసింది: నంబర్ వన్‌గా ఉండటం కన్నా తల్లి కావడాన్ని ఎంచుకోలేదని మీకు నిరాశగా ఉన్నట్టుందే అని. ఎన్ని వింబుల్డన్లు గెలిచినా ఆడవాళ్లకు ఈ ప్రశ్న తప్పదని కూడా అంది. ఆయన అక్కడికక్కడే క్షమాపణ చెప్పారు. మగ క్రీడాకారుణ్ని ఇలా అడిగేవాణ్ని కానని ఒప్పుకున్నారు.

ఇక్కడ మంచి ఉద్యోగాల్లో ఉన్న మన అమ్మాయిలకు ఆదివారం ఇండియా వీడియో కాల్‌లో ఎదురయ్యేదీ ఆ ప్రశ్నే. అడిగేది పిన్నో, మేనత్తో కాబట్టి సర్దేశాయ్‌కి చెప్పినట్టు జవాబు చెప్పడం కుదరదు, అంతే తేడా.

సానియాకు 2018 అక్టోబరులో కొడుకు పుట్టాడు. 2020 జనవరిలో తిరిగి కోర్టులో దిగి, మొదటి టోర్నీ హోబర్ట్‌లోనే నదియా కిచెనోక్‌తో కలిసి టైటిల్ పట్టుకుపోయింది.