'గుర్బత్' : సొహ్రాబ్ షహీద్ సాలెస్ చలనచిత్రాలు

తెలుగు ముస్లిముల ఇళ్ళలో 'గరీబు' అంటే బీదవాడు. ఉర్దూ ద్వారా వచ్చిన ఈ మాటకు అరబ్బీలో మూలార్థం వేరు: పరాయివాడు, పరదేశి. హదీసులలో ఈ పదం ఆ అర్థంలోనే కనిపిస్తుంది. పారసీలో 'గుర్బత్' అంటే స్వస్థలానికి దూరమై బ్రతకడం. పరాయి ఊళ్ళో అండలేనివాడు తరచు పేదవాడే కనుక రెండు అర్థాలకూ దూరం ఎక్కువేమీ లేదు.

ఇరాన్ దర్శకుడు సొహ్రాబ్ షహీద్ సాలెస్ 1975లో జర్మనీలో తీసిన మొదటి చిత్రానికి పారసీ పేరు 'దర్ గుర్బత్'. ఆయన 1944లో టెహ్రాన్‌లో జన్మించి, వియన్నా, పారిస్ నగరాలలో సినిమా విద్య నేర్చి స్వదేశం చేరాడు. పదవీ విరమణ చేయవలసిన ఒక వృద్ధ రైల్వే గేటు కాపలాదారు కథ 'తబీఅతె బీజాన్'కు 1974 బెర్లిన్ చిత్రోత్సవంలో వెండి ఎలుగుబంటి బహుమతి లభించింది. అయినా షా ప్రభుత్వపు ఆంక్షల మధ్య పని సాగలేదు. ఆయన దేశం విడిచాడు. ఇది 1979 విప్లవానికి ముందటి మాట. ఇరాన్ ప్రవాసమంతా విప్లవంతోనే మొదలైందనుకునేవారు దీన్ని గమనించాలి.

'దర్ గుర్బత్' కథానాయకుడు ఇరానీ కాడు. పశ్చిమ జర్మనీ 1961లో టర్కీతో చేసుకున్న ఒప్పందం మేరకు లక్షలాది కార్మికులు అక్కడికి వెళ్ళారు. వారిలో ఒకడు హుసేన్. ఫ్యాక్టరీలో యంత్రం, భూగర్భ రైలు, తోటి టర్కీవారితో పంచుకున్న ఇల్లు - ఇంతే అతని లోకం. యంత్రం దగ్గర ఒకే కదలికను అతడు మళ్ళీ మళ్ళీ చేస్తూంటే కెమెరా తొందరపడదు. చూసేవారికి విసుగు పుడుతుంది. పుట్టాలి కూడా, ఆ విసుగు హుసేన్ దినచర్య.

ప్రవాసి నుండి లోకం స్వదేశపు జ్ఞాపకాలనే ఆశిస్తుంది: అమ్మమ్మ ఇల్లు, దానిమ్మ చెట్టు, విడిచివచ్చిన వీధి. షహీద్ సాలెస్ అవేవీ ఇవ్వలేదు. జర్మనీలో పదికి పైగా చిత్రాలు తీశాడు. ఎక్కువగా అక్కడి మనుషుల కథలే చెప్పాడు. వాటిలో ఒకటి నాజీల కాలంలో యూదు తండ్రికి పుట్టిన బాలుడి కథ. అలాగని ఆయన ఇరాన్‌ను మరచిపోయాడనడం తప్పు. రైల్వే గేటు ముసలివాని గదిలోని నిదానమే, ఆ ఎదురుచూపే బెర్లిన్ ఇంటిలోనూ ఉన్నాయి. ఆయన జ్ఞాపకం దృశ్యాలలో లేదు, నడకలో ఉంది.

హుసేన్ పాత్రధారి పర్వీజ్ సయ్యాద్ ఇరాన్‌లో 'సమద్' అనే పల్లెటూరి హాస్య పాత్రతో పేరు పొందినవాడు. 1975లో పరదేశిగా నటించిన ఆయన విప్లవం తరువాత అమెరికాలో నిజంగానే పరదేశి అయ్యాడు. షహీద్ సాలెస్ కూడా చివరికి అమెరికా చేరి, 1998లో చికాగోలో మరణించాడు.