మూడు నిమిషాల ముచ్చట

దూరాన ఉన్నవాళ్ళతో ఫోనులో ఎంతసేపు మాట్లాడినా, పెట్టేశాక ఇల్లు మరింత బోసిపోతుంది. ఎందుకంటారు?

మా అమ్మ రోజుల్లో ట్రంక్ కాల్ ఉండేది. ఏలూరు నుంచి గానీ తాడేపల్లిగూడెం నుంచి గానీ మద్రాసుకు మాట్లాడాలంటే ముందుగా బుక్ చేసి, ఆపరేటరు లైను కలిపేదాకా కాచుక్కూర్చోవాలి. లెక్క 3 నిమిషాల చొప్పున. చుట్టూ నలుగురు వింటుండగా, "బాగున్నాం, మీరు బాగున్నారా?" అని అరవడంతోనే సరి. అసలు మాట గొంతులోనే ఉండిపోయేది. 1960లో కాన్పూరు-లక్నోల మధ్య మొదలైన ఎస్.టి.డి. తర్వాత మన ఊళ్ళకూ వచ్చి, ఆ నిరీక్షణ తప్పించింది.

ఇప్పుడు కొల్లేటి లంకలో తల్లి, కువైట్‌లో ఇంటిపని చేసే కూతురి ముఖం చూస్తూనే మాట్లాడుతుంది. ఇక్కడ రాత్రి 9 అయితే అక్కడ 6.30, ఆ పిల్లకింకా పని తెమలదు. అయినా ఇద్దరూ "బాగున్నాను" అనే అంటారు. ఒకరు బెంగపడతారని మరొకరు దాచుకుంటారు. గడువు పోయింది గాని దాపరికం పోలేదు. ఒంటరితనమంతా అక్కడే ఉంది.

అందుకని "బాగున్నావా?" అని ఊరుకోకండి. "ఇవాళ ఏం తిన్నావు? ఎవరితో మాట్లాడావు?" అని అడగండి. మీ మోకాళ్ళ నొప్పి సంగతీ చెప్పండి. చిన్న మాట చెబితేనే పెద్ద మాట బయటికొస్తుంది. అవతల మాట ఆగిపోతే, వెంటనే ఫోను పెట్టెయ్యకండి. కాస్త ఆగండి.