అరవై గోల్స్ డిక్సీ డీన్



ఫుట్‌బాల్‌లో ఒక ఆటగాడు ఒక సీజన్‌లో ఇరవై గోల్స్ చేస్తే గట్టివాడంటారు. ముప్ఫై చేస్తే పత్రికలు అతని ఫోటో వేస్తాయి. 1927-28 సీజన్‌లో లివర్‌పూల్ నగరానికి చెందిన ఎవర్టన్ జట్టు కుర్రవాడొకడు ఇంగ్లండ్ మొదటి డివిజన్ లీగ్‌లో అరవై గోల్స్ చేశాడు. ఆడింది 39 మ్యాచ్‌లే. 2022-23లో ఎర్లింగ్ హాలాండ్ 36 గోల్స్‌తో ప్రీమియర్ లీగ్ రికార్డు సృష్టించాడు. ఆయన కూడా ఆ అరవైకి ఇంకా 24 గోల్స్ దూరంలోనే ఆగిపోయాడు. ఆ కుర్రవాడి పేరు విలియం రాల్ఫ్ డీన్. జనం పెట్టిన పేరు డిక్సీ. అది అతనికి బొత్తిగా నచ్చేది కాదు, బిల్ అని పిలిస్తే సంతోషించేవాడు. అయినా జనం పెట్టిన పేరే నిలిచిపోయింది.

మెర్సీ నదికి ఒక ఒడ్డున లివర్‌పూల్, రెండో ఒడ్డున బర్కెన్‌హెడ్. ఓడలు కట్టే ఆ బర్కెన్‌హెడ్‌లో 1907 జనవరి 22న డీన్ పుట్టాడు. తండ్రి రైలింజను డ్రైవరు. డీన్ కూడా చిన్నతనంలోనే రైల్వే పనిలో చేరాడు. ఆట మాత్రం మానలేదు. మొదట సొంత ఊరి జట్టు ట్రాన్మియర్ రోవర్స్‌కు ఆడాడు. ముప్ఫై లీగ్ మ్యాచ్‌లలో 27 గోల్స్ చేశాడు. 1925 మార్చిలో ఎవర్టన్ 3,000 పౌండ్లు ఇచ్చి అతణ్ణి తీసుకుంది. అప్పటికి డీన్‌కు పద్దెనిమిదేళ్లు.

ఏడాది తిరిగిన తర్వాత, 1926 వేసవిలో, ఉత్తర వేల్స్‌లో మోటారు సైకిల్ ప్రమాదం జరిగింది. పుర్రె చిట్లింది, దవడ ఎముక విరిగింది. ఇక ఆడలేడని వైద్యులు భయపడ్డారు. కానీ అదే ఏడాది శరదృతువులో డీన్ మైదానంలోకి తిరిగొచ్చాడు. అప్పటి బంతి తోలుది, లేసులు కట్టినది. వాన కురిస్తే నీరు పీల్చుకుని బరువెక్కేది. పుర్రె చిట్లినవాడు ఆ బంతిని తలతో కొట్టి గోల్స్ చేస్తుంటే, వీడి తలలో ఇనుపరేకు పెట్టారేమోనని జనం చెప్పుకున్నారు. కథలు పుట్టడానికి అంతకంటే ఏం కావాలి? అసలు సంగతి, డీన్ ఎగిరే వేళ ఎరిగినవాడు. బంతి తన దగ్గరికి రాకముందే తాను ఎగిరి, గాలిలో దాని కోసం కాచుకున్నట్టుండేవాడు.

అరవై గోల్స్‌కు మరో కారణం కూడా చెబుతారు. 1925 వేసవిలో ఆఫ్‌సైడ్ నిబంధన మారింది. అంతకుముందు బంతి ముందుకు వచ్చేటప్పుడు దాడి చేసేవాడికీ గోల్ గీతకూ మధ్య ముగ్గురు ప్రత్యర్థులు ఉండాలి. ఆ తర్వాత ఇద్దరు చాలన్నారు. దాంతో గోల్స్ పెరిగాయి. 1926-27లో రెండో డివిజన్‌లో మిడిల్స్‌బ్రో ఆటగాడు జార్జ్ కామ్సెల్ 59 గోల్స్ చేశాడు. కాబట్టి నిబంధన మార్పు సాయం లేదనలేం. కానీ ఆ సాయం అందరికీ సమానమే. మొదటి డివిజన్‌లో అరవైకి చేరింది డీన్ ఒక్కడే.

ఇక ఆ ఏడాది చివరి వారాలు చూడండి. చివరి మూడు మ్యాచ్‌లు మిగిలాయి. కామ్సెల్‌ను దాటాలంటే తొమ్మిది గోల్స్ కావాలి. ఆస్టన్ విల్లాపై రెండు చేశాడు. బర్న్లీపై నాలుగు చేశాడు. మిగిలినవి మూడు. చివరి మ్యాచ్ 1928 మే 5న, గుడిసన్ పార్కులో, ప్రత్యర్థి ఆర్సెనల్. ఎవర్టన్ లీగ్ విజేత అని అప్పటికే తేలిపోయింది కాబట్టి జనం వచ్చింది డీన్ కోసమే. ఆర్సెనల్ మొదట గోల్ చేసింది. వెంటనే డీన్ తలతో ఒకటి, పెనాల్టీతో ఇంకొకటి చేశాడు. తర్వాత ఆర్సెనల్ సమం చేసింది. కాలం గడుస్తోంది. ఆట ముగియడానికి ఇంకా కొద్ది నిమిషాలే ఉన్నాయి. ఎడమవైపు నుంచి అలెక్ ట్రూప్ కార్నర్ కిక్ వేశాడు. ట్రూప్ పొట్టివాడు, పాదాలతో మాత్రం చాకు. బంతి గాలిలో వంపు తిరిగింది, డీన్ లేచాడు, తలతో కొట్టాడు. అరవై! ఆర్సెనల్ చివర్లో మరొక గోల్ చేసి 3-3తో సరి చేసింది గాని, అది ఎవరికీ పట్టలేదు.

ఒక చిన్న సంగతి రేడియో వింటున్న మీకు చెప్పాలి. బీబీసీ తొలిసారి ఫుట్‌బాల్ మ్యాచ్‌ను ప్రత్యక్ష వ్యాఖ్యానంతో వినిపించింది 1927 జనవరి 22న. ఆర్సెనల్, షెఫీల్డ్ యునైటెడ్ జట్ల మ్యాచ్ అది. డీన్‌కు ఇరవై నిండింది సరిగ్గా ఆ రోజునే.

ఇంత పేరు వచ్చినవాడికి డబ్బెంత? ఆటగాళ్ల జీతానికి అప్పట్లో గరిష్ఠ పరిమితి ఉండేది. సీజన్‌లో వారానికి ఎనిమిది పౌండ్లు, వేసవిలో ఆరు. వేలమందిని మైదానానికి రప్పించే ఆటగాడికీ అంతకు మించి ఇవ్వకూడదు. పైగా ఒప్పందం ముగిసినా ఆటగాడి నమోదు క్లబ్బు చేతిలోనే ఉండేది. క్లబ్బు ఒప్పుకుంటేనే మరో జట్టుకు వెళ్లడం. ఫ్యాక్టరీలో పనిచేసే కూలీ యజమానిని వదిలి మరోచోట చేరగలడు, ఫుట్‌బాల్ ఆటగాడికి ఆ వీలుండేది కాదు. ఆ జీతపు పరిమితి 1961లోనే తొలగింది. డీన్ ఆట ఎంతో, అతని జేబు ఎంతో, ఈ రెండింటికీ పొత్తు లేదు.

1930లో ఎవర్టన్ రెండో డివిజన్‌కు దిగజారింది. డీన్ జట్టును విడిచిపోలేదు. మరుసటేడు ఆ డివిజన్‌లో గెలిచి పైకి తెచ్చారు, 1932లో మళ్లీ మొదటి డివిజన్ టైటిల్ గెలిచారు. 1933లో వెంబ్లీలో ఎఫ్.ఏ. కప్ ఫైనల్ జరిగింది. మాంచెస్టర్ సిటీని 3-0తో ఓడించిన జట్టుకు సారథి డీన్, అతనూ ఒక గోల్ చేశాడు. ఫైనల్లో ఆటగాళ్ల చొక్కాలపై నంబర్లు కనిపించింది అప్పుడే మొదటిసారి. డీన్ వీపున తొమ్మిది అంకె ఉంది. ఇంగ్లండ్ తరఫున 16 మ్యాచ్‌లు ఆడి 18 గోల్స్ చేశాడు.

గాయాలు ఎక్కువయ్యాయి. 1937లో పదిహేడేళ్ల టామీ లాటన్‌ను ఎవర్టన్ కొనుక్కొచ్చింది. తన చోటుకు వచ్చినవాడని తెలిసీ డీన్ అతనికి తలతో ఆడే మెలకువలు నేర్పాడు. 1938 మార్చిలో క్లబ్బు డీన్‌ను నాట్స్ కౌంటీకి అమ్మేసింది. ధర మూడు వేల పౌండ్లు! పదమూడేళ్లలో 433 మ్యాచ్‌లు, 383 గోల్స్ ఇచ్చినవాణ్ణి కొన్న ధరకే పంపారు. ఎంతటి వ్యాపారమో చూడండి.

1939లో ఐర్లండ్‌లోని స్లైగో రోవర్స్‌కు కొన్నాళ్లు ఆడాడు, కప్ ఫైనల్ దాకా తీసుకెళ్లాడు, గెలవలేదు. రెండో స్థానానికి ఇచ్చిన పతకం హోటల్లో ఎవరో కాజేశారు. దాదాపు నలభై ఏళ్ల తర్వాత మళ్లీ అక్కడికి వెళ్తే, ఆ పతకం పొట్లంలో తిరిగొచ్చిందని చెబుతారు.

యుద్ధం తర్వాత చెస్టర్‌లో మద్యశాల నడిపాడు, ఆ తర్వాత ఒక కంపెనీలో ఉద్యోగం చేశాడు. 1964లో అతని సహాయార్థం మ్యాచ్ జరిగింది. 1976లో కుడి కాలు తీసేయాల్సి వచ్చింది. 1980 మార్చి 1న ఎవర్టన్, లివర్‌పూల్ జట్లు తలపడుతుంటే చూడడానికి గుడిసన్ పార్కుకు వెళ్లాడు. అక్కడే గుండెపోటు వచ్చింది. అరవయ్యో గోల్ పడిన అదే మైదానంలో, 73వ ఏట, డీన్ కన్నుమూశాడు.