మండని మచ్చ

మన గుంటూరు, ప్రకాశం జిల్లాలలో ఒంటిమీద ఏది లేచినా మిరప ఘాటు అనో, పత్తికి కొట్టిన మందు పడలేదనో తేల్చేస్తాం. చాలామట్టుకు నిజమే. కానీ చర్మరోగాలన్నీ బయటినుంచి వచ్చినవి కావు. పొక్కు లేకుండా ఒళ్ళంతా విడవని దురద కాలేయానిదో మూత్రపిండాలదో కావచ్చు. మెడచుట్టూ మందంగా నల్లబడితే నలుగు పెట్టి రుద్దుతారు. అది మురికి కాదు, తరచుగా చక్కెరవ్యాధికి ముందస్తు కబురు.

అన్నిటికన్నా మోసకారి ఇంకొకటుంది. కల్లంలో మిరపకాయలకు ముచ్చికలు తీసిన చేతులు రాత్రంతా భగభగమంటాయి గదా! కాయలోని కాప్సైసిన్, వేడిని పసిగట్టే నరాల కొసలను రెచ్చగొడుతుంది, కాలకుండానే కాలినట్లుంటుంది. అంటే మంట పుట్టాలన్నా నరం బతికుండాలి. పాలిపోయి, తాకినా గిచ్చినా తెలియని మచ్చ ఉంటే భయపడవలసింది దానికి. (కారం రాసి చూడమనడం లేదు సుమా!) శోభి అనుకొని ఏళ్ళు గడిపేస్తారు. అది కుష్ఠు కావచ్చు. 1873లో హాన్సెన్ కనుగొన్న ఆ సూక్ష్మజీవి పైకి చర్మంమీద కనబడినా, లోపల నరాన్ని తింటుంది.

పరీక్ష సులువే. కళ్ళు మూయించి, పత్తిపోగుతో తాకి, ఎక్కడ తగిలిందో చూపమంటారు డాక్టరుగారు. మందులు ప్రభుత్వాసుపత్రిలో ఉచితం. ఆరు నెలలో, ఏడాదో వాడాలి. వెలివేస్తారని దాచుకుంటే క్రిములు తర్వాత చచ్చినా, ఒకసారి వంకరపోయిన వేళ్ళు మాత్రం మాత్రలతో తిన్నగా కావు.