ఇసుకబండ్ల విడుదల

కృష్ణా, గోదావరి, పెన్నానదుల తీరములయందు రాత్రివేళల దొంగచాటుగా ఇసుకను తరలించు లారీలను, ట్రాక్టర్లను అధికారులు పట్టుకొనుటయు, కొంతకాలమునకు న్యాయస్థానపు టుత్తరువుతో అవి విడుదలయగుటయు గ్రామవాసులకు చిరపరిచితమైన విషయమే. బండి యింటికి వచ్చినంతనే కేసు కొట్టివేసినారను మాట ఊరెల్ల వ్యాపించును. పట్టుకొన్న యుద్యోగి చిన్నబోవును. ఫిర్యాదుచేసిన రైతు భయపడును. ఇందులకు న్యాయస్థానములను నిందించువారు పెక్కురు గలరు. ఆ నింద యెంతవరకు సమంజసమో విచారింపవలసియున్నది.

విచారణ ముగియకమున్ను బండిని అప్పగించుట నిర్దోషియని తీర్పుచెప్పుట కాదు. సుందరభాయి అంబాలాల్ దేశాయి కేసునందు 2002లో సుప్రీంకోర్టు, పట్టుబడిన వాహనములను పోలీసుఠాణాలలో చిరకాలము నిలిపియుంచుటవలన ప్రయోజనము లేదనియు, తగిన బాండును, పూచీకత్తును గైకొని సత్వరమే ఉత్తరువు చేయవలయుననియు నిర్ణయించెను. ఠాణాల యావరణములయందు ఎండకెండి, వానకుదడిసి, ఇనుపతుక్కుగా మారుచున్న బండ్లను చూచినవారెవ్వరును ఈ నిర్ణయమును కాదనజాలరు. తుప్పువలన సర్కారునకు గాని, యజమానికి గాని, నదికి గాని దమ్మిడీ లాభము లేదు. 2024 జూలై 1 నుండి అమలులోనికి వచ్చిన భారతీయ నాగరిక సురక్షా సంహితయు, ఇట్టి సొత్తు న్యాయస్థానము నెదుటికి వచ్చిన 14 దినములలో వివరపట్టికను సిద్ధపరచి, ఛాయాచిత్రములు తీయించి, ఆమీద 30 దినములలో దానినిగూర్చి ఉత్తరువు చేయవలయునని విధించుచున్నది.

అయినచో లోపమెక్కడ? 1957వ సంవత్సరపు గనులు, ఖనిజముల చట్టములోని 21వ సెక్షను ప్రకారము, అక్రమముగా తీసిన ఖనిజమునేగాక దానిని మోసిన బండినిగూడ న్యాయస్థానము జప్తుచేయవచ్చును. కాని 22వ సెక్షను ప్రకారము, అధికారమొసగబడిన యుద్యోగి వ్రాతమూలముగా ఫిర్యాదు దాఖలుచేసిననే గాని ఆ నేరమును న్యాయస్థానము విచారణకు గైకొనజాలదు. పోలీసులు దొంగతనపు కేసును నడపవచ్చును; ఈ రెండును వేర్వేరు నేరములని 2014లో సుప్రీంకోర్టు స్పష్టపరచినది. అయితే పోలీసుకేసు మాత్రమే యున్నయెడల ఖనిజచట్టము క్రింది జప్తునకు త్రోవ యేర్పడదు. ఫిర్యాదే రానప్పుడు మేజిస్ట్రేటును నిందించి ఫలమేమి?

కావున బండి విడుదలతోపాటు మూడు కార్యములు జరుగవలెనని మా యభిప్రాయము. పూచీకత్తు బండి విలువకు తగినట్లుండవలెను. లక్షల బండిని వేలతో విడిపించుకొనిపోవువానికి శిక్షాభయముండదు. విచారణ ముగియువరకు బండిని అమ్మననియు, మరల ఇసుకదొంగతనమునకు వినియోగింపననియు యజమాని వ్రాసియీయవలెను. మాట తప్పినవానికి రెండవమారు కనికరము చూపరాదు. అన్నిటికంటె ముఖ్యముగా, గనులశాఖవారు ఆలస్యము చేయక ఫిర్యాదు దాఖలుచేయవలెను. ఇది జరుగనిచో చిక్కులలో పడువాడు దినకూలికి బండి తోలిన పనివాడే; లాభము తినినవాడు సుఖముగా నిద్రించును.

ఇది న్యాయవాదుల వాదమని భూస్వాములు ఉపేక్షింపరాదు. నదిలోని ఇసుక వరదనీటిని తనలో దాచుకొని, వేసవిలో ఒడ్డునగల బావులకు ఊటనిచ్చుచున్నది. దానిని లోతుగా త్రవ్వినకొలది భూగర్భజలము దిగజారును, బోర్లు ఎండును, ఒడ్డు కోసికొనిపోయి పట్టాభూమియే ఏటిపాలగును. దుక్కికని కొన్న ట్రాక్టరును రాత్రి బాడుగకాశించి ఇసుకరేవునకు పంపు రైతు తన బావినీటినే అమ్ముకొనుచున్నాడు. పట్టణములలో ఇండ్లు కట్టువారును, చవుకగా వచ్చినది చాలునని తృప్తిపడక, ఇసుక యే రేవునుండి వచ్చినదో అడిగి, రశీదు చూచి కొనవలెను. కొనువారు లేనిచో రాత్రిబండ్లు కదలవు.

న్యాయస్థానములు చట్టమునకు లోబడి బండ్లను విడుచుచున్నవి. ఆ విడుదలనే విజయముగా చాటుకొను ధైర్యము దొంగలకు కలుగకుండ చేయు భారము ఫిర్యాదు వ్రాయవలసిన యధికారులపై నున్నది. వారు దానిని సకాలమున నెరవేర్తురుగాక.