మలబారు వేప: త్వరగా పెరగాలంటే తడి కావాలి

కన్నడంలో హెబ్బేవు, తమిళంలో మలైవేంబు అని పిలిచే మలబారు వేప పడమటి కనుమల తేమ అడవుల వృక్షం. వేప కుటుంబానిదే గాని ఇంటి ముంగిటి వేప కాదు. కాండం నిటారుగా, త్వరితంగా పెరుగుతుంది. అనుకూలమైన నేలలో 6 నుంచి 8 ఏళ్లలో ప్లైవుడ్ కర్మాగారాలకు పనికివచ్చే దుంగ లభిస్తుంది. అగ్గిపుల్లలకు, కాగితపు గుజ్జుకు కూడా ఈ కలపను వాడతారు.

అయితే ఆ వేగానికి జాతి గుణంతోపాటు మంచి వర్షపాతం, లోతైన నేల కూడా కారణాలు. నీరు నిలిచే చోట ఈ చెట్టు బతకదు; మెట్టచేలో తడి అందకుంటే ఎదుగుదల మందగిస్తుంది. కనుక మొక్కలు కొనేముందే వేసవిలో బోరు నీరు నిలుస్తుందా, దుంగలు కొనేవారెవరు, ఏ చుట్టుకొలతకు ఏ ధర అన్న సంగతులు రైతు తేల్చుకోవాలి. తొలి ఏళ్లలో వరుసల నడుమ వేరుసెనగ వంటి అంతరపంట వేసుకుంటే కొంత రాబడి చేతికందుతుంది.